ఎవరీ అమ్మాయి?

ఆ ఎలక్ట్రానిక్స్ షాపులో అతను మొదట టీవీలు అమ్మేవాడు. మాట నెమ్మది, ఓపిక ఎక్కువ అని తర్వాత లాప్‌టాప్‌ల సెక్షన్‌కి మార్చారు. రోజంతా నిలబడి, అడిగినవాళ్లకల్లా మూతలు తెరిచి చూపిస్తూ, ఏది ఎంత వేగమో, ఏది పిల్లల చదువుకు సరిపోతుందో విడమరిచి చెప్పేవాడు. అతని ఇంట్లో మాత్రం లాప్‌టాప్ లేదు. ఉన్నది ఒక్క ఫోను. దాని బ్యాటరీ ఉబ్బిపోయి, వెనక మూత సరిగ్గా పడక, రబ్బరు బ్యాండు చుట్టి వాడుకునేవాళ్లు.

జబ్బు భయానికి బళ్లు మూతపడి పాఠాలు ఫోన్లలోకి వచ్చాక, ఆ ఫోను అమ్మలు చేతికి వెళ్లింది. అమ్మలు అతని ఒక్కగానొక్క కూతురు, పదో తరగతి. వాళ్ల గది భవనం వెనకవైపు ఉండటంతో సిగ్నల్ మెట్ల మీద తప్ప దొరికేది కాదు. ఎక్కేవాళ్లూ దిగేవాళ్లూ దాటుకుంటూ పోతుంటే ఆ పిల్ల గోడకి అతుక్కుని కూర్చుని పాఠం వినేది. సగంలో ఫోను పెనంలా వేడెక్కి ఆరిపోయేది. మళ్లీ వెలిగేసరికి హాజరు తీసుకోవడం అయిపోయేది.

ఒకరోజు రాత్రి, అతను ఇంట్లో ఉండగా, క్లాసు టీచరమ్మ ఆ ఫోనుకే చేసి అతనితో మాట్లాడింది.

"మీ అమ్మాయి ఇట్టే వచ్చి అట్టే మాయమైపోతోందండీ. అడిగితే చార్జింగ్ అంటుంది, సిగ్నల్ అంటుంది. నోటి పరీక్షలకి కెమెరా ఆన్‌లో ఉండాలి, మధ్యలో కట్ అవకూడదు. ఏదో ఒకటి చూడండి."

"చూస్తానండీ" అన్నాడు. ఏం చూస్తాడో అతనికే తెలియదు.

ఉపాయం చెప్పింది ఫ్రిజ్‌ల సెక్షన్లో ఉండే అతని నేస్తం. భారీ మనిషి. మాట్లాడనప్పుడు కూడా సన్నగా గుర్రుమంటూ ఉంటాడని షాపులో అందరూ అతన్ని కంప్రెసర్ అనేవాళ్లు.

"నీ ఎదురుగా అన్ని లాప్‌టాప్‌లు పొద్దస్తమానం ఉత్తినే వెలుగుతున్నాయి. నెట్టు కూడా షాపుదే. ఇంకా పిల్ల చదువెలాగా అని ఏడుస్తావేంట్రా? ఆ స్తంభం వెనక టేబుల్ దగ్గర కూర్చోబెట్టు."

"మేనేజరు చూస్తే?"

"కస్టమర్ అనుకుంటాడు. అందరి మొహాలకీ మాస్కులే. ఎవరు ఎవరో ఎవడికి తెలుసు?"

అతను రెండు మూడు రోజులు తటపటాయించాడు. స్టాఫ్ తాలూకు మనుషులు షాపులో కూర్చోకూడదన్నది అక్కడి రూలు. పైగా షాపు మళ్లీ తెరిచాక సగం మందినే పనిలోకి పిలిచారు. మిగతా సగం ఇళ్లలో కూర్చుని పిలుపు కోసం ఎదురుచూస్తున్నారు. ఇక్కడెవడి కాలు జారినా ఆ చోటులోకి రావడానికి వాళ్లు సిద్ధంగా ఉన్నారు. ఆ సంగతి మేనేజరు రోజూ పొద్దున్నే అందరినీ నిలబెట్టి గుర్తుచేసేవాడు.

చివరికి ఒక సాయంత్రం కూతుర్ని ఎదురుగా కూర్చోబెట్టుకున్నాడు.

"చూడమ్మలూ, షాపులో నేను నీకు నాన్నను కాను. ఏదైనా కావాలంటే అంకుల్ అని పిలు. నేను నిన్ను మేడమ్ అంటాను. నవ్వకూడదు."

"మేడమా!" అని అమ్మలు పగలబడి నవ్వింది. "ఏదీ, ఒక్కసారి అను."

"ఏ మోడల్ చూపించమంటారు మేడమ్?"

"అన్నిటికంటే ఖరీదైనది తీయండి అంకుల్. రంగు మాత్రం నాకు నచ్చాలి."

ఫ్యాక్టరీ డ్యూటీకి బయల్దేరుతున్న అతని భార్య గుమ్మంలో ఆగి, "తండ్రీకూతుళ్లిద్దరూ నాటకాల్లో చేరండి, ఇల్లు గడుస్తుంది" అని తనూ నవ్వింది.

నాటకం బాగానే సాగింది. షాపు తెరిచిన కాసేపటికి అమ్మలు తలుపు తోసుకుని వచ్చేది. అతను అందరికీ చెప్పినట్టే "రండి మేడమ్" అనేవాడు. ఆ పిల్ల స్తంభం వెనక ఆఖరి టేబుల్ దగ్గర కూర్చుని, చెవులకి ఇయర్‌ఫోన్లు తగిలించుకుని, పాఠంలో పడిపోయేది. కస్టమర్లు అటు వెళ్లబోతే అతను మరో టేబుల్ దగ్గరికి మళ్లించేవాడు. మేనేజరు కౌంటర్ వదిలి లేస్తే కంప్రెసర్ గట్టిగా దగ్గేవాడు. అమ్మలు ముఖంలో మళ్లీ తేటదనం వచ్చింది. ఇంటికొచ్చి ఆ రోజు చెప్పిన పాఠాలు వాళ్లమ్మకి తిరిగి చెప్పేది.

అతనికి తెలియనిది ఒకటుంది. అమ్మలు కెమెరా ఆన్ చేసినప్పుడల్లా ఆమె వెనకాల వరసగా వాషింగ్ మెషీన్లు కనిపించేవి. మొదటిరోజే ఎవడో అడిగాడు, "ఏంటే, మీ ఇంట్లో అందరికీ తలా ఒక వాషింగ్ మెషీనా?" అని. క్లాసంతా నవ్వింది. అమ్మలుకి చెవులు వేడెక్కాయి. ఏదో ఒకటి చెప్పాలి. "మా షాపు" అనేసింది. నవ్వులు ఆగిపోయాయి. అప్పట్నుంచి క్లాసులో ఆమె పేరు షోరూమ్. ఆ పేరు ఆమెకి నచ్చింది కూడా. మెట్ల మీద కూర్చున్న రోజుల్లో ఆమెను ఎవరూ ఏ పేరుతోనూ పిలవలేదు.

ఒకరోజు మధ్యాహ్నం ఒకావిడ, అమ్మలు ఈడు ఆడపిల్లతో కలిసి షాపులోకి వచ్చింది. అతను ఎప్పటిలాగే ఎదురెళ్లాడు.

"లాప్‌టాప్ కావాలండీ. ఇంట్లో ఒకటుంది. అక్కాచెల్లెళ్లిద్దరికీ ఒకే టైముకి క్లాసులు. జుట్లు పట్టుకుంటున్నారు" అంది ఆవిడ.

అతను నోరు తెరిచేలోపే ఆ పిల్ల స్తంభం వైపు చూసి, "ఏయ్, షోరూమ్!" అని పరుగెత్తింది. "నువ్వే కదూ? లాప్‌టాప్ మా అక్క తీసేసుకుంది, అందుకే క్లాసు మానేసి ఇటొచ్చాం. నువ్వు క్లాసులోనే ఉన్నావా? అమ్మా, చెప్పాను కదా, ఈ షాపు వీళ్లదే!"

అమ్మలు ఇయర్‌ఫోన్లు తీసి లేచి నిలబడింది. ఆమె చూపు ఒక్క క్షణం తండ్రి మీద వాలి, అక్కణ్నుంచి నేలకి దిగిపోయింది.

అతనికి అంతా అర్థమైంది. అర్థమవడానికి పెద్దగా ఏమీ లేదు కూడా.

"మీ నాన్నగారు ఏరమ్మా? ఒక్క మాట మాట్లాడదామని" అంది ఆవిడ ఆప్యాయంగా.

"నాన్న బయటికెళ్లారాంటీ."

"అయ్యో, అలాగా. మరి రేటు సంగతి..."

అమ్మలు గొంతు సవరించుకుంది. అతని వైపు చూడకుండా, అతని చొక్కా జేబు మీద కుట్టిన షాపు పేరు వైపు చూస్తూ అంది. "అంకుల్, వీళ్లకి మంచి మోడల్ చూపించండి."

"అలాగే మేడమ్" అన్నాడతను.

ఆ మాట ఎంత సులువుగా వచ్చిందో తర్వాత తల్చుకున్నప్పుడు అతనికి ఆశ్చర్యం వేసింది. నాలుక ఎక్కడా తడబడలేదు. ఆవిడని వెంటబెట్టుకుని టేబుల్ తర్వాత టేబుల్ చూపించాడు. ఏది తేలికో, ఏది ఎక్కువ సేపు చార్జింగ్ ఆగుతుందో చెప్పాడు. ఆవిడ అన్నీ విని, "ఇవన్నీ ఎందుకండీ, ఓనరుగారి అమ్మాయి వాడుతున్న మోడలే ఇచ్చేయండి. వాళ్లకి తెలియదా ఏది మంచిదో" అంది. కంప్రెసర్ దూరం నుంచి ఇటే చూస్తున్నాడు గానీ, దగ్గడం మర్చిపోయాడు.

ఆవిడ తిన్నగా కౌంటర్ దగ్గరికి వెళ్లింది. మేనేజరుతో నవ్వుతూ, "కాస్త చూసి వేయండి. మీ ఓనరుగారి అమ్మాయి, మా అమ్మాయి ఒకే క్లాసు" అంది.

"ఓనరుగారికి అమ్మాయి ఎవరండీ? ఇద్దరూ మగపిల్లలే. వాళ్లకి పెళ్లిళ్లయి పిల్లలు కూడా" అన్నాడు మేనేజరు.

"అదేంటి, అదిగో, అక్కడ కూర్చుంది!"

మేనేజరు కౌంటర్ వెనక నుంచి లేచి వచ్చాడు. సన్నటి మనిషి, చప్పుడు లేని నడక. స్తంభం దగ్గర ఆగి, అమ్మలుని ఒకసారి, తెరిచి ఉన్న లాప్‌టాప్‌ని ఒకసారి చూశాడు. తర్వాత అతని వైపు తిరిగాడు.

"ఎవరీ అమ్మాయి?"

ఆవిడ చూస్తోంది. ఆ పిల్ల చూస్తోంది. బిల్లు కోసం నిలబడ్డ ఇంకెవరో కూడా ఇటు తిరిగారు.

"తెలీదు సార్" అన్నాడతను. "కస్టమర్ అనుకున్నాను."

మేనేజరు వెంటనే కదలలేదు. ఇంకా ఏదో వినబోతున్నవాడిలా అతని ముఖంలోకే చూశాడు. అతను టేబుల్ మీద రేటు చీటీ వంకరగా ఉంటే దాన్ని సరిచేస్తూ తల దించుకున్నాడు.

"ఎవరితో వచ్చావమ్మా?" అని మేనేజరు అమ్మలుని అడిగాడు.

"ఒక్కదాన్నే వచ్చాను."

"ఇది చూసి కొనుక్కునే చోటమ్మా. క్లాసులు వినే చోటు కాదు. లే మరి." అని, అతనితో, "గుమ్మం దాకా పంపించు" అన్నాడు.

అమ్మలు పుస్తకాలు సంచిలో పెట్టుకుంటుంటే ఇయర్‌ఫోన్ల తీగ లాప్‌టాప్ నుంచి ఊడిపోయింది. టీచరమ్మ గొంతు షాపంతా వినపడింది. "షోరూమ్ ఎక్కడికి పోయింది? కెమెరాలో కనపడదేంటి? అమ్మా, వినిపిస్తోందా?" టీచరమ్మ కూడా ఆ పేరుతోనే పిలుస్తోందన్నమాట. అతను చెయ్యి చాచి లాప్‌టాప్ మూత వేసేశాడు.

"పదండి మేడమ్" అన్నాడు.

ఆమె ముందు, అతను వెనక నడిచారు. సెక్యూరిటీ అతను తలుపు లాగి పట్టుకున్నాడు. అమ్మలు ఎండలోకి దిగి, వెనక్కి తిరిగి చూడకుండా, రోడ్డు దాటి, జనంలో కలిసిపోయింది. అతను లోపలికొచ్చి గుడ్డ తీసుకుని ఆ లాప్‌టాప్‌ని తుడిచాడు. ఎవరు ముట్టుకున్నా తుడవాలి. ఆ రోజుల్లో అది కూడా రూలే.

సాయంత్రం ఇంటికి వెళ్లేసరికి అమ్మలు బట్టలు మడత పెడుతోంది. అతను గుమ్మంలో చెప్పులు విప్పడానికి చాలా సేపు తీసుకున్నాడు. అమ్మలే ముందు మాట్లాడింది.

"థాంక్స్ నాన్నా."

"దేనికి?"

"నువ్వు చెప్పేస్తావేమోనని భయపడి చచ్చాను. షాపు మాది కాదని ఎలాగూ తెలిసిపోయింది. ఆ యూనిఫామ్‌లో ఉన్నది మా నాన్నేనని కూడా తెలిస్తే ఇంక నేను..." మాట మధ్యలో ఆగిపోయింది. తను అన్నదేమిటో అప్పుడు వినపడినట్టుంది. మడత పెట్టిన చొక్కానే మళ్లీ విప్పి మడత పెట్టింది. అది అతని యూనిఫామ్ చొక్కా.

అతను బావురుమన్నా బాగుండేది. కోప్పడినా బాగుండేది. "సర్లే" అని లోపలికి వెళ్లి ముఖం కడుక్కున్నాడు. నీళ్లు చల్లుకున్నకొద్దీ ముఖం మండుతూనే ఉంది. కూతురు తనని చూసి సిగ్గుపడిందని కాదు. ఆ వయసులో తనూ అంతే. కూతురి పరువు కాపాడాడని ఆ పిల్ల నమ్ముతోంది, అదీ మంట. మేనేజరు అడిగిన క్షణంలో అతనికి ఆమె పరువు గుర్తుకు రాలేదు. అసలు ఆమే గుర్తుకు రాలేదు. ఇళ్లలో కూర్చుని పిలుపు కోసం చూస్తున్న ఆ మిగతా సగం మంది గుర్తుకొచ్చారు, అంతే.

తర్వాత కొన్నాళ్లు అమ్మలు మళ్లీ మెట్ల మీద కూర్చుంది. కెమెరా ఆన్ చేయలేదు. క్లాసులో ఎవరూ షోరూమ్ అనలేదు, ఇంకే పేరుతోనూ పిలవలేదు. షాపుకొచ్చిన ఆ పిల్ల మాత్రం విడిగా మెసేజ్ పెట్టింది, నేనెవరికీ చెప్పలేదు అని. అమ్మలు చదివి జవాబివ్వలేదు. తర్వాత ఒక రోజు ఫోను పూర్తిగా చచ్చిపోయింది.

"ఏమైంది మీ ఇద్దరికీ?" అని భార్య అతన్ని నిలదీసింది. "ఒకరి మొహం ఒకరు చూసుకోరు. మధ్యలో నేను గోడతో మాట్లాడుకోవాలా?"

అతను జరిగింది చెప్పాడు. దాచుకోకుండా, తన మనసులో అప్పుడేముందో అది కూడా చెప్పాడు. ఆవిడ అంతా విని, "నాకు చెప్పి ఏం లాభం? చెప్పాల్సినవాళ్లకి చెప్పు" అని డ్యూటీకి వెళ్లిపోయింది.

మర్నాడు షాపు తెరవగానే అతను మేనేజరు ముందు నిలబడ్డాడు.

"సార్, ఆ రోజు లాప్‌టాప్ దగ్గర కూర్చున్న అమ్మాయి..."

"మీ అమ్మాయి" అన్నాడు మేనేజరు, బిల్లుల్లోంచి తలెత్తకుండా.

"మీకు తెలుసా సార్?"

"మొదటివారంలోనే తెలుసు. మాస్కు పెట్టుకుంటే కళ్లు మారిపోతాయా? అచ్చం నీ కళ్లు. పైగా నేను లేచినప్పుడల్లా వాడొకడు క్షయరోగిలా దగ్గుతాడు."

"మరి ఎవరీ అమ్మాయి అని అడిగారు కదా సార్..."

మేనేజరు అప్పుడు తలెత్తాడు. "నలుగురి ముందు అడక్క తప్పలేదయ్యా. మా అమ్మాయి సార్ అని నువ్వొక్క మాట అంటే నిన్ను నాలుగు తిట్టి, ఆ పిల్లని లోపలికెళ్లి కూర్చోమనేవాణ్ణి. ఎంతసేపు చూశాను నీ మొహంలోకి! నువ్వేమో తెలీదన్నావు. ఎవరికీ తెలియని పిల్లని నేనేం చెయ్యను? బయటికి పంపాను." గొంతు తగ్గించాడు. "నాకూ బాగా అనిపించలేదులే. వెనక స్టోర్‌రూమ్‌లో పాత కంప్యూటర్ ఉంది, స్టాకు ఎక్కించేది. కెమెరా ఒకటి తగిలిస్తే పనిచేస్తుంది. రమ్మను. కానీ మళ్లీ మేడమ్ అన్నావంటే మాత్రం ఊరుకోను."

అతను తల ఊపాడు. దండం పెట్టాలనిపించింది గానీ చేతులు లేవలేదు.

సాయంత్రం అమ్మలు మెట్ల మీద ఊరికే కూర్చుని ఉంది. అతను ఒక మెట్టు కింద కూర్చున్నాడు. అలా కూర్చుంటే ఆమె ముఖం చూడాల్సిన పని లేదు.

"ఆ రోజు థాంక్స్ చెప్పావు" అన్నాడు. "నేను చెప్పనిది నీకోసం కాదమ్మలూ. ఉద్యోగం పోతుందని. నువ్వు నా బుర్రలోకే రాలేదు."

పైనుంచి ఎవరో దిగుతుంటే ఇద్దరూ గోడవైపు జరిగి దారిచ్చారు. ఆ అడుగుల చప్పుడు పోయాక అమ్మలు అడిగింది.

"నేను అంకుల్ అన్నప్పుడు కోపం రాలేదా నీకు?"

"నేనే కదా నేర్పాను."

"నాకొచ్చింది" అంది అమ్మలు. "నువ్వు పదండి మేడమ్ అన్నప్పుడు. రోడ్డు దాటాక ఆ మందుల షాపు పక్కన నిలబడి చాలాసేపు చూశాను. బయటికొస్తావేమోనని."

అతను మోకాళ్ల మీద తల వాల్చుకున్నాడు. అమ్మలు అతని భుజం మీద చెయ్యి వేయలేదు, దూరంగానూ జరగలేదు. మేనేజరు అన్న సంగతంతా విన్నాక, "ఆ స్టోర్‌రూమ్‌లో నెట్ బాగా వస్తుందా?" అని మాత్రం అడిగింది.

నోటి పరీక్ష రోజు అమ్మలు అతనితోపాటే, అతని పక్కనే నడిచి షాపుకి వచ్చింది. వెనకవైపు స్టోర్‌రూమ్‌లో అట్టపెట్టెల మధ్య కంప్యూటర్ ముందు కూర్చుంది. అతను తలుపు బయట నిలబడ్డాడు. పెట్టెలు లాగే చప్పుడు పరీక్షకి అడ్డం రాకుండా కంప్రెసర్ లోడింగ్ వాళ్లని ఆపి కబుర్లలో పెట్టాడు.

"కెమెరాలో కనిపిస్తున్నావమ్మా. గుడ్" అంది టీచరమ్మ గొంతు. "గొంతు మార్మోగుతోంది. ఎక్కడున్నావు?"

అతను తలుపుకి దగ్గరగా జరిగాడు. 'ఇంట్లో ఉన్నాను మేడమ్' అని చెప్పేసినా ఎవరూ తప్పు పట్టరు. అలాగే అనాలని అతను కోరుకున్నాడు కూడా.

"మా నాన్న పనిచేసే షాపులో, స్టోర్‌రూమ్‌లో ఉన్నాను మేడమ్. మా నాన్న ఇక్కడ సేల్స్‌మన్."

"అలాగా. సరే, కాంతి పరావర్తనం గురించి చెప్పు."

అంతే. ఎవరూ నవ్వలేదు, ఎవరూ ఏమీ అడగలేదు. అమ్మలు కాంతి పరావర్తనం గురించి చెప్పడం మొదలుపెట్టింది. కాస్త తొందరగా, ముందు తడబడుతూ, తర్వాత తేరుకుని. అతనికి ఆనందం కలగాల్సింది. కలిగింది కూడా, కానీ దాని అడుగున ముఖమంతా పాకిన వేడి అలాగే ఉంది. ఇంత చిన్న మాట. కూతురికి ఒక్క ఊపిరి పట్టింది. మేనేజరు అంతసేపు ముఖంలోకి చూస్తూ నిలబడినా తన నోటికి రాని మాట.

ఆమె ఇటు తిరిగితే తన ముఖం కనిపిస్తుందేమోనని తలుపు దగ్గర్నుంచి తప్పుకున్నాడు. బయట షాపులో ఎవరో పెద్దాయన మనవణ్ణి వెంటబెట్టుకుని వచ్చి, లాప్‌టాప్‌లు ఎటువైపని అడుగుతున్నాడు. అతను మాస్కు సరిచేసుకుని, "రండి సార్" అంటూ ఎదురెళ్లాడు.